బగ్స్, డాఫీ ఒకే కప్పు కింద

‘ది లూనీ ట్యూన్స్ షో’ అనే కార్టూన్ ధారావాహిక 2011 మే నెలలో అమెరికాలోని కార్టూన్ నెట్‌వర్క్‌లో మొదలైనప్పుడు పాత అభిమానులలో చాలామందికి అది రుచించలేదు. 1940లో బగ్స్ బన్నీ అనే కుందేలు రూపుదిద్దుకున్న నాటి నుంచి లూనీ ట్యూన్స్ పాత్రలు ఆరేడు నిమిషాల చిత్రాలలో పరుగులు, పేలుళ్లు, మారువేషాలతోనే అలరించాయి. అలాంటి బగ్స్‌కు నగర శివారులో సొంత ఇల్లు ఇచ్చి, పైసా అద్దె కట్టని బాతు డాఫీ డక్‌ను ఆ ఇంట్లో తిష్ఠ వేయించి, వేట తుపాకీ స్థానంలో సంభాషణ పెట్టడమంటే సాహసమే. ఆ సాహసం మొదట్లో తడబడినా, పోనుపోను ఫలించిందని నా నమ్మకం.

తొలి సీజన్‌లో కథ నడుమ ఒక పాట, ఆపైన కంప్యూటర్ యానిమేషన్‌లో కొయెటీ, రోడ్ రన్నర్‌ల చిన్న చిత్రం వచ్చేవి. పాటలలో కొన్ని నిజంగా బాగుంటాయి. పాత చిత్రాలలో వేటగాడైన ఎల్మర్ ఫడ్ వేడి వేడి చీజ్ శాండ్‌విచ్‌పై ప్రేమగీతం పాడితే ఎవరికైనా ముచ్చట వేస్తుంది. అయినా ఇరవై రెండు నిమిషాల కథ ఊపందుకునే వేళకు ఈ విరామాలు దాని కాళ్లకు అడ్డుపడేవి. నిజానికి షో బలమేమిటో మొదటి ఎపిసోడ్‌లోనే కనిపిస్తుంది. ప్రాణస్నేహితుల కోసం పెట్టిన టీవీ పోటీకి వెళ్లిన డాఫీకి, ఇన్నాళ్లూ తనను పోషిస్తున్న బగ్స్ గురించి కనీస విషయాలు కూడా తెలియవు. ఆ స్వార్థం, దాన్ని భరించే ఆ స్నేహం చాలు, కథ నడవడానికి. రచయితలు దాన్ని పూర్తిగా నమ్మడానికి కొంత కాలం పట్టింది.

ఈ ఎదుగుదలను లోలా బన్నీలో చూడాలి. 1996లో ‘స్పేస్ జామ్’ సినిమాతో వచ్చిన లోలాకు అందం, బాస్కెట్‌బాల్ నైపుణ్యం తప్ప నవ్వు పుట్టించే గుణం లేదు. ఇక్కడ క్రిస్టెన్ విగ్ గొంతులో ఆమె మొదలుపెట్టిన మాటను ఆపదు, ఒక తలంపు మధ్యలోనే ఇంకో తలంపులోకి జారిపోతుంది, ఎదుటివారి ముఖం ఎలా మారుతోందో గమనించనే గమనించదు. మొదట బగ్స్ ఆమెను తప్పించుకు తిరుగుతాడు. తరువాత ఆ వెర్రితనానికే అలవాటుపడి ఇష్టపడతాడు. ఎప్పుడూ అందరికంటే తెలివైన బగ్స్‌కు, తన తెలివి ఏమాత్రం పనిచేయని మనిషి దొరకడం ఈ షో చేసిన గొప్ప ఆవిష్కరణ.

డాఫీకి జిరాక్స్ షాపులో పనిచేసే టీనా అలాగే కుదిరింది. అతని ప్రగల్భాలను ఆమె నమ్మదు, అయినా వదిలిపెట్టదు. రెండో సీజన్‌లో డాఫీ కోపంతో రాసిన తిట్ల ఈమెయిల్ పొరపాటున తెలిసినవారందరికీ వెళ్లిపోయే కథలో, పాత డాఫీకి ముక్కు ఊడి మళ్లీ అతుక్కున్నంత తేలికగా ఏదీ సర్దుకోదు. దెబ్బ ఇక్కడ మనసుకు తగులుతుంది కనుక హాస్యం చిక్కబడింది. ఆ సీజన్‌కు బొమ్మల రూపురేఖలను కూడా సరిదిద్దారు.

తొంభై ఏళ్లు దాటిన జూన్ ఫోరే గొంతుతో బామ్మ తన రెండో ప్రపంచయుద్ధ కాలపు గూఢచారి జీవితాన్ని డాఫీకి చెప్పే ఎపిసోడ్ మొదటి సీజన్‌లోదే. మొదటిసారి చూసేవారికి నేను దాన్నే చూడమంటాను. అది నచ్చినవారు వరుస తప్పకుండా రెండో సీజన్‌కు రావాలి. మొత్తం 52 ఎపిసోడ్లతో షో ఆగిపోయింది. పాత్రలన్నీ ఇంత చక్కగా కుదురుకున్నాక, మూడో సీజన్ తప్పక రావలసింది.