ఫ్యాన్ అవతల కూర్చున్నోడు

మొన్న ఆదివారం అబిడ్స్‌లో ఫుట్‌పాత్ మీద పాత పుస్తకాలు తిరగేస్తుంటే మొదటి ప్రపంచ యుద్ధం విమానాల బుక్ ఒకటి దొరికింది, అట్ట ఊడిపోయింది కాబట్టి బేరమాడితే వందకే ఇచ్చేశాడు. అందులో ఒక ఫోటో దగ్గర ఆగిపోయాను. రెండంతస్తుల రెక్కల విమానం, ముక్కు దగ్గర ప్రొపెల్లర్, అంతవరకు ఓకే, ఆ ప్రొపెల్లర్‌కి కూడా ముందు ఒక చెక్క డబ్బా, ఆ డబ్బాలో మనిషి!

ఇంటికి తెచ్చి మా అక్క కొడుక్కి చూపిస్తే వాడు ఒకటే అడిగాడు, "మామా, వీడేం తప్పు జేసిండని ముందల కూసోబెట్టిన్రు?"

తప్పేం లేదు పాపం, వాడు గన్నర్. ఆ విమానం పేరు బీ.ఈ.9, 1915లో ఇంగ్లండ్‌లో ఫార్న్‌బరోలోని రాయల్ ఎయిర్‌క్రాఫ్ట్ ఫ్యాక్టరీ వాళ్ళు ఒకే ఒక్కటి చేశారు. అప్పటి బ్రిటిష్ విమానం బీ.ఈ.2సీలో ఇంజన్ ముందు, దాని వెనక గన్ను పట్టుకునే అతను, ఆ వెనక పైలట్. గన్నర్ చుట్టూ రెక్కలు, తీగలు, ఎదురుగా ప్రొపెల్లర్, ఇంక ఎటు కాలుస్తాడు చెప్పండి. అదే టైంలో జర్మన్ల ఫోకర్ విమానానికి ప్రొపెల్లర్ రెక్కల సందులోంచి గుండ్లు పోయే గేర్ వచ్చేసింది. బ్రిటిష్ వాళ్ళ దగ్గర అది ఇంకా లేదు, ఇంజన్ వెనక పెట్టే మోడల్స్ ఉన్నా వాటికి స్పీడ్ తక్కువ. అందుకని బీ.ఈ.2సీ బాడీనే తీసుకుని ఇంజన్‌ని గన్నర్ సీట్లోకి జరిపి, గన్నర్‌ని తీసుకెళ్ళి ప్రొపెల్లర్ ముందు పెట్టారు. డబ్బా ఒకపక్క ప్రొపెల్లర్ షాఫ్ట్‌ని పొడిగించి పెట్టిన బేరింగ్ మీద, ఇంకోపక్క చక్రాల దగ్గర్నుంచి వచ్చిన కడ్డీల మీద ఆగుతుంది. కాగితం మీద లెక్క కరెక్టే, ముందంతా ఖాళీ, ఎటైనా కాల్చుకోవచ్చు. చర్చిలో పాస్టర్ గారు నిలబడి ప్రసంగం చేసే పీఠంలా ఉందని దానికి పల్పిట్ అని పేరు పడిపోయింది.

మావాడికి అర్థం కావాలని హాల్లో టేబుల్ ఫ్యాన్ పెట్టా. గాలి తగిలే వైపు నేను పైలట్‌ని, మోటార్ వైపు ఫ్యాన్‌కి వీపు పెట్టి వాడు గన్నర్, ఫుల్ స్పీడ్. వాడేదో గట్టిగా అరుస్తున్నాడు, నాకు మాత్రం ముక్కలు ముక్కలుగా గరగరమని తప్ప ఒక్క మాట తెలిస్తే ఒట్టు. మాది నలభై వాట్ల ఫ్యాను, వాళ్ళది తొంభై హార్స్‌పవర్ ఇంజన్. పైలట్‌కి "అదుగో ఎడమపక్క ఒకడొస్తున్నాడు" అని చెప్పే దారే లేదు. పైగా వీపు వెనకే చెక్క రెక్కలు గిర్రున తిరుగుతుంటాయి, ల్యాండింగ్‌లో ముక్కు నేలకి కొట్టుకుంటే ఇంజన్ మొత్తం వచ్చి పడేది వాడి మీదే. డ్రాయింగ్ వేసినాయన ఒక్కసారైనా ఆ డబ్బాలో కూర్చుని చూశాడా అని నా డౌటు.

1915 సెప్టెంబర్‌లో దాన్ని ఫ్రాన్స్ పంపించి ట్రై చేశారు. అక్కడ బ్రిటిష్ సైన్యం విమాన దళం రాయల్ ఫ్లయింగ్ కోర్‌కి హెడ్‌గా ఉన్న హ్యూ ట్రెంచర్డ్‌కి అస్సలు నచ్చలేదు, తర్వాతి ఏడాది మొదట్లో వెనక్కి పంపేశారు, ఇంకోటి కట్టలేదు. 1916లో వాళ్ళకీ ఆ గేర్ వచ్చేసింది, ఇక డబ్బాతో పనేముంది. ఫ్రెంచ్ వాళ్ళు కూడా స్పాడ్ ఏ.2 అని ఇలాంటిదే చేశారు, అది యుద్ధంలోకి కూడా పోయింది పాపం.

మావాడు ఇప్పుడు థర్మాకోల్‌తో దీని మోడల్ చేస్తున్నాడు. డబ్బా అతికించాడు గానీ మనిషిని మాత్రం పెట్టనంటున్నాడు.