నా ఫోల్డర్‌కు నాకే అనుమతి లేదట

"ల్యాప్‌టాప్ నాది, పాస్‌వర్డ్ నాది, వాడేది నేనొక్కడినే. మరి ఈ ఫైళ్ల అనుమతుల లెక్క ఎవరి నుంచి కాపాడుతోంది అత్తా?" అని పొద్దున అడిగాడు మా అన్న కొడుకు. "ముందు పని కానీయ్" అన్నాను. ఇప్పుడు రాత్రి పదకొండు దాటింది, అమ్మ పడుకుంది, నాకేమో ఆ ప్రశ్న వదలడం లేదు.

ఆ పని వాడి చదువు చివరి సంవత్సరం ప్రాజెక్టు. పత్తి ఏరే కూలీల లెక్క రాసుకునే యాప్. ఎవరు ఎన్ని కిలోలు ఏరారు, కిలోకు ఎంత, ముందు తీసుకున్న డబ్బులో ఎంత పట్టుకోవాలి. పరకాల దగ్గర మా అన్న నోటు పుస్తకంలో పెన్సిల్‌తో రాసుకునేదే ఫోనులోకి ఎక్కించాలని వాడి ఆశ. ఆలోచన నాకు నచ్చింది. వాడికి ఇంకా చెప్పలేదు, చెబితే ఇక పట్టలేం.

పొద్దున కాజీపేటలో రైలు దిగి, ఆటోలో సుబేదారి వచ్చి, చెప్పులు విప్పకముందే ల్యాప్‌టాప్ తెరిచాడు. ఫోను యాప్‌లు కట్టే రియాక్ట్ నేటివ్‌తో రాసిన ప్రాజెక్టు, ఉబుంటు అనే లైనక్స్ మీద. మొదట వచ్చిన తప్పు చాలా చిన్నది. వాడి జతగాడు విండోస్‌లో పని చేసి, కోడ్‌లో మార్పులు గుర్తుపెట్టుకుని పంచుకోవడానికి వాడే గిట్‌లోకి ఎక్కించాడు. విండోస్‌కు ఫైలు మీద 'దీన్ని నడపవచ్చు' అనే గుర్తుతో పని లేదు కాబట్టి, యాప్‌ను కట్టే గ్రేడిల్‌ను నడిపించే గ్రేడిల్‌డబ్ల్యూ అనే ఫైలు ఆ గుర్తు లేకుండానే వచ్చింది. ఉబుంటు నడపనంది, 'ఈయాక్సెస్', అంటే అనుమతి లేదు, అని ఒక ఎర్ర వాక్యం పడింది. ఆ గుర్తు పెట్టే సీహెచ్‌మాడ్ ప్లస్ ఎక్స్ అని ఒక్క ముక్క కొడితే పోయేది. జతగాడి పక్కనుంచి మళ్లీ రాకుండా గిట్‌లో కూడా ఆ గుర్తు పెట్టించాలి, దానికి ఇంకో ముక్క. అంతే, టీ చల్లారేలోపు అయిపోయే పని.

వీడు వీడియో చూశాడు.

ఆ వీడియోలు తీసేవాళ్లను ఒకసారి కూర్చోబెట్టి అడగాలని ఉంది. వెనక సంగీతం, ముందు చేతులు ఊపడం, మధ్యలో 'ముందు సుడో పెట్టండి, చాలు'. సుడో అంటే రూట్ అనే సర్వాధికారి పేరు మీద నడపడం. అది పెట్టినా ఆ తప్పు పోదు. నడిపే గుర్తు ఒక్కటి కూడా లేని ఫైలును రూట్ సైతం నడపలేదు. వీడికీ పోలేదు. అప్పుడు రెండో వీడియో. 'హోమ్ ఫోల్డర్ మొత్తానికి 777 ఇచ్చేయండి.' చదవడానికి 4, రాయడానికి 2, నడపడానికి 1, కలిపితే 7. యజమానికి ఏడు, గుంపుకు ఏడు, ఊరందరికీ ఏడు. గ్రేడిల్‌డబ్ల్యూకు కావలసింది 755. అది ఇవ్వాల్సింది కూడా ఆ ఒక్క ఫైలుకే.

777 ఇచ్చాక గ్రేడిల్ నడిచింది. కానీ సుడో అలవాటు పోలేదు కదా, బిల్డ్, అంటే యాప్ కట్టడం, కూడా సుడోతోనే చేశాడు. దాంతో బిల్డ్ ఫోల్డర్, ఆండ్రాయిడ్ ఫోల్డర్‌లో దాక్కున్న గ్రేడిల్ ఫోల్డర్, రెండూ రూట్ పేరు మీద పుట్టాయి. మర్నాడు సుడో మరిచిపోయి నడిపితే లాక్ ఫైలు తెరవలేనంటూ ఆగింది. నేను ఫైళ్ల యజమానుల పేర్లు చూపించే ఎల్ఎస్ హైఫన్ ఎల్ కొట్టి తెర వాడి వైపు తిప్పాను. ప్రతి వరుసలో వాడి పేరు ఉండాల్సిన చోట 'రూట్ రూట్' అని జంటగా. కింద ఒకే ఒక్క ఫోల్డర్ పక్కన వాడి పేరు, ఖాళీ ఫోల్డర్.

ఇక గిట్. ఒక్క అక్షరం మారకపోయినా వందల ఫైళ్లు మారాయని చూపిస్తోంది. గిట్ అనుమతుల్లో నడిపే గుర్తొక్కటే పట్టించుకుంటుంది, 777 వల్ల అది అన్నింటి మీదా పడింది, పాత 100644 పోయి 100755 అయింది. పోనీ పైకి పంపిద్దామంటే, కోడ్‌ను సర్వర్‌కు భద్రంగా చేర్చే ఎస్‌ఎస్‌హెచ్ మొండికేసింది. నీ రహస్య తాళం చెవి ఫైలు అందరికీ తెరిచి ఉంది, అలాంటిది నేను ముట్టను అంటుంది. 600 లాగా యజమానికి తప్ప ఇంకెవరికీ అనుమతి లేకుండా ఉంటేనే ఒప్పుకుంటుంది. అన్నీ ఇచ్చేస్తే పని జరుగుతుందని నమ్మిన పిల్లవాడికి, ఎక్కువ ఇచ్చావు కాబట్టి చేయను అనే ప్రోగ్రాము ఎదురైంది. వాడి ముఖం చూడాల్సింది. నాకు నవ్వు రాలేదు, ఎందుకంటే సర్దాల్సింది నేను.

యజమాని పేరు మార్చే సీహెచ్‌ఓన్‌తో ఫోల్డర్లన్నీ వాడి పేరు మీదికి తెస్తుంటే నాన్న గుర్తొచ్చాడు. తాత పోయాక కూడా ఆ నాలుగెకరాలు తాత పేరు మీదే ఉండేవి. 2017 భూ రికార్డుల ప్రక్షాళనకు చాలా ముందు సంగతి. దున్నేది నాన్న, పహాణీలో, అంటే భూమి రికార్డులో, పేరు తాతది. బ్యాంకులో పంట రుణం అడిగితే పట్టాదారును తీసుకురమ్మన్నారు. విరాసత్, అంటే భూమిని వారసుల పేరు మీదికి మార్పించడం, చేయించుకుంటే తప్ప కుదరదు. మండల కార్యాలయానికి నన్నూ వెంట తీసుకువెళ్లేవాడు, ఎందుకంటే ఫారాలు నింపేది నేనే. కాగితాలన్నీ ఎరువుల బస్తా లోపలి ప్లాస్టిక్ కవరులో, నీలం సుతిలితో కట్టి. కిటికీ వెనక ఉన్న ఆయన సుతిలి కూడా విప్పకుండా "దున్నేది నువ్వే కావచ్చు పటేలా, పేరు నీది కాదు" అన్నాడు. నాన్న ఆ మాట ఇంట్లో ఎన్నిసార్లు చెప్పాడో లెక్కలేదు, చెప్పిన ప్రతిసారీ ఆయన గొంతుతోనే.

అయితే అసలు అడ్డు ఆ కిటికీ కాదు, కరీంనగర్ మేనత్త. వారసులందరూ వచ్చి వాంగ్మూలం ఇవ్వాలి. ఆవిడ నానమ్మ వడ్డాణం సంగతి తేలేదాకా రానంది. ఆ వడ్డాణం గొడవ ఇక్కడ తీస్తే తెల్లారుతుంది. చివరికి వచ్చింది. పచ్చ పట్టు చీర కట్టుకుని, ఎవరితోనూ మాట్లాడకుండా, సంతకం పెట్టి, మా ఇంట్లో మంచినీళ్లు కూడా ముట్టకుండా బస్సెక్కింది. నాన్న బస్టాండుదాకా వెనకే నడిచాడు. ఏం మాట్లాడుకున్నారో ఇప్పటికీ తెలియదు. తిరిగి వస్తూ మిర్చి బజ్జీలు తెచ్చాడు. రుణం వచ్చేసరికి అదను దాటిపోయింది. విత్తనాలు అప్పటికే అప్పు చేసి కొన్నాం.

ఎక్కడికో వెళ్లిపోయాను.

ఇదంతా రాయడం మొదలుపెట్టినప్పుడు వాడి ప్రశ్నకు గట్టి జవాబు రాద్దామనే ఉంది. నియమాలు ఊరికే పెట్టరు, యజమాని ఎవరో యంత్రానికి తెలియాలి, అని. ఇప్పుడు అంత గట్టిగా అనలేకపోతున్నాను. ఈ యజమాని, గుంపు, మిగతావారు అనే పద్ధతి యూనిక్స్ నుంచి వచ్చింది. 1969లో బెల్ ల్యాబ్స్‌లో మొదలైన వ్యవస్థ అది, ఒకే యంత్రానికి పదిమంది టెర్మినళ్లు తగిలించుకుని పని చేసే కాలానిది. పక్కవాడి ఫైళ్లు నువ్వు ముట్టకూడదు, అదీ లెక్క. మావాడి ల్యాప్‌టాప్‌లో పక్కవాడు ఎక్కడున్నాడు? రూట్ కాపాడేది ఉబుంటును. పోతే మళ్లీ ఎక్కించుకోవచ్చు. వాడి ప్రాజెక్టు, ఫోటోలు, ఆ తాళం చెవి, పోతే ఏడ్చేవన్నీ వాడి హోమ్ ఫోల్డర్‌లోనే ఉన్నాయి. ఇతరులు రాసిన కోడ్ దించే ఎన్‌పీఎమ్‌తో ఎక్కడినుంచో దించుకున్న ఒక ప్యాకేజీ, ఎక్కించేటప్పుడు నడిపే స్క్రిప్టు, వాడి పేరు మీదే నడుస్తుంది. వాడు చదవగలిగినదంతా అదీ చదవగలదు. ఆ చెవి మీద 600 ఉన్నా 777 ఉన్నా దానికి ఒకటే.

ఫోను ఈ విషయంలో ఎంతో నయం. ఆండ్రాయిడ్‌లో ఎక్కించిన ప్రతి యాప్‌కూ వేరే యూజర్ సంఖ్య ఇస్తారు, 10000 నుంచి మొదలుపెట్టి. అదే లైనక్స్, అవే అనుమతులు. మనిషికి ఒక పేరు కాకుండా యాప్‌కు ఒక పేరు. ఒక యాప్ దాచుకున్న ఫోల్డరు ఇంకో యాప్‌కు అందదు. వాడు తయారుచేసే పత్తి లెక్కల యాప్ వాడి ల్యాప్‌టాప్ కంటే జాగ్రత్తగా ఉండే చోట నడుస్తుందన్నమాట. పొద్దున వాడు అడిగినప్పుడు ఇది చెప్పి ఉంటే వాడు ఇంకో గంట ప్రశ్నలు వేసేవాడు, అన్నం ఎవరు తినాలి.

అలాగని 777 వీడియోలవాళ్లను మాత్రం క్షమించను.

సాయంత్రానికి అన్నీ సర్దాను. దించుకున్న ప్యాకేజీలుండే నోడ్ మాడ్యూల్స్ మొత్తం తీసేసి మళ్లీ దించాం, మిగతావి ఫోల్డర్లకు 755, ఫైళ్లకు 644, గ్రేడిల్‌డబ్ల్యూకు 755, ఎస్‌ఎస్‌హెచ్ ఫోల్డర్‌కు 700, అందులోని తాళం చెవికి 600. ఎమ్యులేటర్‌లో, అంటే ల్యాప్‌టాప్‌లోని నమూనా ఫోనులో, యాప్ తెరుచుకుంది. వాడు నమూనాగా '28 కిలోలు' అని కొట్టి చూపిస్తే అమ్మ కళ్లద్దాలు సర్దుకుని చూసి, "తేమ కిలో తీసేయవా?" అంది. వాడు ఆ సంగతే పెట్టలేదు. మధ్యాహ్నం చేసిన సర్వపిండి అప్పటికి తోలులా అయింది, అదే తిని రైలుకు వెళ్లాడు.

దిగాక మెసేజ్ పెట్టాడు. అసలు ఫోను తగిలిస్తే, ల్యాప్‌టాప్ నుంచి ఫోనుతో మాట్లాడే ఏడీబీలో దాని పక్కన 'నో పర్మిషన్స్' అని వస్తోందట. యూఎస్‌బీ నియమాల ప్యాకేజీ పేరు రాసి, అలాంటి పరికరాలు వాడే అనుమతి ఉన్న ప్లగ్‌దేవ్ గ్రూపులో పేరు చేర్చుకుని, లాగౌట్ అయి మళ్లీ లోపలికి రమ్మన్నాను. ఏడీబీని సుడోతో నడపొద్దని ప్రత్యేకంగా ఇంకో మెసేజ్ పెట్టాను. లాగౌట్ మాత్రం చేయడు, చేయకుండానే పని చేయడం లేదంటాడు. ఇదిగో, అనేశాడు కూడా.