ఘాటు వదిలాక

ఇవాళ మిర్చి యార్డులో ఎక్కడ చూసినా టిక్కీలే, అంటే మిరపకాయల బస్తాలే. ఫిబ్రవరి వచ్చిందంటే గుంటూరులో మాకు ఊపిరి సలపదు. తేజ రకం ఒక్క బస్తా మూతి విప్పితే చాలు, వరసంతా తుమ్ములే. కమీషన్ కొట్లో పాతికేళ్ళుగా చిట్టాలు రాస్తున్నదాన్ని, నాకది అలవాటే. నా టెన్షనంతా ఇంటికొచ్చాకే. ఎవర్నీ ముట్టుకోకుండా తిన్నగా బాత్‌రూమ్‌లోకి పోవాలి, చీర బకెట్లో ముంచాలి, తలస్నానం చెయ్యాలి. ఆ చేత్తో పొరపాటున పిల్ల మొహం తాకితే ఇంకేమైనా ఉందా!

పిల్ల మా ఇంటికొచ్చి ఏడాదిన్నర. కొత్తలో నేను గుమ్మంలోంచే "దగ్గరికి రాకు" అని చెయ్యి అడ్డం పెడితే, తనంటే ఇష్టం లేదనుకుందట. గోడకి అతుక్కుపోయి నిలబడేది. ఆ సంగతి నెల తర్వాత చెప్పింది. ఇప్పటికీ తలుచుకుంటే కడుపు తరుక్కుపోతుంది.

అప్పుడు నాకు 52, తనకి 9. పెళ్ళి కాని ఆడదానికి పిల్లనెవరిస్తారని చుట్టాలు నవ్వారు. ఎనిమిదేళ్ళు దాటిన పిల్లలనైతే ఒంటరివాళ్ళు 55 ఏళ్ళ వరకూ దత్తత తీసుకోవచ్చు. నాకేమైనా అయితే తను చూసుకుంటానని తమ్ముడు సంతకం పెట్టాడు. వాడి రుణం తీర్చుకోలేను. కోర్టు చుట్టూ తిరగాలేమోనని భయపడ్డాను గానీ, 2022 నుంచి దత్తత ఉత్తర్వు కలెక్టరే ఇస్తున్నారు.

"అమ్మా" అని పిలిపించాలని పక్కింటావిడ తెగ ప్రయత్నించింది. నేనే వద్దన్నాను. వాళ్ళమ్మ మొహం దానికి బాగా గుర్తు. కొన్నాళ్ళకి తనంతట తనే "పెద్దమ్మా" అంది. ఆ లెక్కన, నేనెన్నడూ చూడని ఆ మనిషి నాకు చెల్లెలైంది. దీపం పెట్టినప్పుడు ఆమెనీ తలుచుకుంటాను.

ఇవాళ బ్రాడీపేటలో ఆటో దిగేసరికి ఏడు దాటింది. గుమ్మం పక్కన పీట మీద నా నైటీ, తువ్వాలు, చిన్న గిన్నెలో పెరుగు. తలుపు వెనకనుంచి గొంతు: "పెద్దమ్మా, ముందు చేతులకి పెరుగు రాసుకో. నీళ్ళు కాగాయి."

స్నానం చేసి రాగానే నా రెండు అరచేతులూ ముక్కు దగ్గర పెట్టుకుని చూసింది. "ఇంకా ఉంది, పో" అని వెనక్కి పంపింది. సున్నిపిండితో మళ్ళీ రుద్దుకుని వచ్చాను. మళ్ళీ వాసన చూసి, దువ్వెన నా చేతిలో పెట్టి, నా మోకాళ్ళ మధ్య వీపు తిప్పి కూర్చుంది.