వరంగల్ స్టేషన్‌లో మిర్చి ఘాటు

పగలంతా చెప్పుకోదగ్గది ఏమీ లేదు. బడి, దిద్దాల్సిన పేపర్లు, సాయంత్రం కూరగాయలు. రాయాలనిపించింది మాత్రం రాత్రి పన్నెండు దాటాక వరంగల్ స్టేషన్‌లో జరిగింది.

ఖమ్మం నుంచి చిన్నమ్మ రావాలి. రైలు ఆలస్యం. నా బెంచీ మీదే మంచిర్యాల వెళ్లాల్సిన భార్యాభర్తలు కూర్చున్నారు. ఆయనకు ఎంజీఎంలో కడుపు ఆపరేషన్ అయిందట, సాయంత్రమే డిశ్చార్జి. మా వైపు పెద్ద జబ్బు చేస్తే ఎందరికో ఆ ఆసుపత్రే దిక్కు.

కాసేపటికి ఒక పెద్దాయన వచ్చి పక్కన కూర్చున్నాడు. ఎనుమాముల మార్కెట్లో మిర్చి అమ్ముకుని మహబూబాబాద్ తిరిగి వెళుతున్న రైతు. 1929లో మంచిర్యాల మీదుగా పోయే కాజీపేట–బల్లార్షా లైను పూర్తయినప్పటి నుంచీ అటు పోయేవాళ్లూ ఇటు పోయేవాళ్లూ ఇక్కడ ఇలాగే ఎదురుపడుతున్నారు.

ఆయన చొక్కా నిండా, తువ్వాలు నిండా ఘాటే. నాకు గొంతు గరగరలాడింది. ఆపరేషన్ అయిన మనిషికి దగ్గు అందుకుంది. దగ్గిన ప్రతిసారీ కుట్లు లాగుతున్నాయేమో, రెండు చేతులతో పొట్ట అదిమిపట్టుకుంటున్నాడు.

పెద్దాయనకు వెంటనే అర్థమైంది. "నా బట్టల ఘాటు బిడ్డా, ఏమనుకోకు" అని లేచి, గాలి ఎటు వీస్తోందో చూసుకుని, దూరంగా వెళ్లి నేల మీద కూర్చున్నాడు. వెళ్లమని ఎవరూ అనలేదు. పగలంతా బస్తాల దగ్గర నిలబడిన మనిషి, ఆ బెంచీ అవసరం ఆయనకే ఎక్కువ.

దగ్గరికి వెళ్లి ధర అడిగాను. తేజ రకమే అయినా తేమ ఉందని తగ్గించారట. "కళ్లంలో గలగలలాడేలా ఎండబెట్టిన కాయ, తేమ ఎక్కడిది బిడ్డా" అన్నాడు. నాకు కడుపు రగిలిపోయింది.

ఇంతలో చిన్నమ్మ రైలు వేరే ప్లాట్‌ఫాం మీదికి వస్తోందని ప్రకటించారు. ఆ భార్యాభర్తలు ఎక్కాల్సిందీ అదే. వంతెన ఎక్కాలి. ఒక చేతిలో సంచి, మరో చేతిలో భర్త భుజం, ఆమె ఎటూ కదల్లేక నిలబడిపోయింది. పెద్దాయన చొక్కా విప్పి, తువ్వాలుతో కలిపి చుట్టి తన సంచిలో అడుగుకు కుక్కాడు. బనియన్ మీదే వచ్చి ఆయనకు ఒక పక్క భుజం ఇచ్చాడు. రెండో పక్క నేను. మెట్టుమెట్టుకూ ఆగుతూ వంతెన దాటాం. రైలు ఆగగానే దిగిన చిన్నమ్మ, ఏమీ అడగకుండా వాళ్ల సంచి అందుకుని లోపల పెట్టింది.

పేర్లు అడగాలని ఎవరికీ తోచలేదు. పెద్దాయన వచ్చే వారం మిగతా బస్తాలు తెస్తాడట. వాటికైనా మంచి ధర పలకాలి, ఎవరూ తేమ పేరు చెప్పి కోత పెట్టకూడదు.