డిస్కులున్నాయి, డ్రైవే లేదు: పాత ఆటలు ఎక్కించిన లెక్క

జూన్ 1, ఆదివారం

రాజమండ్రి ఇంట్లో అటక దులిపిస్తూ అమ్మ ఫోన్ చేసింది. "ఈ సీడీలు ఉంచమంటావా, పాతసామాన్ల అబ్బాయికి వేసెయ్యమంటావా?" వెయ్యొద్దని అరిచినంత పని చేశాను. నిన్న వెళ్లి తెచ్చుకున్నాను.

జిప్పు పౌచ్‌లో పదకొండు డిస్కులు. ఒరిజినల్స్ నాలుగే: ఏజ్ ఆఫ్ ఎంపైర్స్ 2, హాఫ్-లైఫ్, నీడ్ ఫర్ స్పీడ్ మోస్ట్ వాంటెడ్ (2005లో వచ్చింది), క్రికెట్ 07. మిగతావి మార్కర్‌తో పేరు రాసిన కాపీలు. వాటిలో ఆటతో పాటు ఏ వైరస్ ఉందో ఎవరికి తెలుసు, వాటి జోలికి పోను.

నా కంప్యూటర్ విండోస్ 11. క్యాబినెట్‌కి ముందు గాజు పలక, లోపల రంగు లైట్లు, పెళ్లి పందిరిలా ఉంటుంది. డీవీడీ డ్రైవ్ బిగించడానికి మాత్రం చోటు లేదు.

ఆన్‌లైన్‌లో మళ్లీ కొనుక్కోవచ్చుగా అంటారా? ఏజ్ 2, హాఫ్-లైఫ్ స్టీమ్ అనే ఆన్‌లైన్ ఆటల దుకాణంలో దొరుకుతాయి. పాత మోస్ట్ వాంటెడ్, క్రికెట్ 07 ఏ డిజిటల్ స్టోర్‌లోనూ అమ్మట్లేదు. మోస్ట్ వాంటెడ్ అని వెతికితే 2012లో అదే పేరుతో వచ్చిన వేరే ఆట కనిపిస్తుంది. కాబట్టి ఈ రెండింటికీ డిస్కే దిక్కు.

జూన్ 7, శనివారం

ముందు ఖర్చు లేని దారి. బ్యాటరీ చచ్చిపోయిన పాత ల్యాప్‌టాప్ ఒకటి ఉంది, ఛార్జర్ తగిలిస్తే లేస్తుంది. దానికి డీవీడీ డ్రైవ్ ఉంది. డ్రైవ్ మీద రైట్ క్లిక్, ప్రాపర్టీస్, షేరింగ్, అడ్వాన్స్‌డ్ షేరింగ్: అలా ఆ డ్రైవ్‌ని ఇంటి నెట్‌వర్క్‌లో పంచాను. కొత్త కంప్యూటర్లో దాన్ని నెట్‌వర్క్ డ్రైవ్‌గా మ్యాప్ చేశాను. ఏజ్ 2 సెటప్ వైఫై మీదే నడిచింది, డెస్క్‌టాప్ మీద ఐకాన్ కూడా వచ్చింది.

సంబరంగా క్లిక్ చేస్తే ఆట రాలేదు. సెటప్‌కి ఫైళ్లు దొరికితే చాలు, అవి ఎక్కడున్నాయో దానికి పట్టదు. ఆట అలా కాదు, తెరుచుకునేటప్పుడు సీడీ డ్రైవ్‌లో అసలు డిస్కు ఉందా అని చూస్తుంది. విండోస్ దృష్టిలో నేను మ్యాప్ చేసింది నెట్‌వర్క్ ఫోల్డర్, సీడీ డ్రైవ్ కాదు. డిస్కు చెకింగ్ లేని ఆటలకి ఈ పద్ధతి సరిపోతుంది. రెండు మూడు సీడీల ఆటైతే అన్నింటిలోని ఫైళ్లూ ఒకే ఫోల్డర్‌లోకి కాపీ చేసి సెటప్ నడిపితే చాలాసార్లు "రెండో డిస్కు పెట్టండి" అనే గొడవ కూడా ఉండదు.

జూన్ 14, శనివారం

సికింద్రాబాద్‌లో కంప్యూటర్ సామాన్లు అమ్మే సీటీసీకి (చెనాయ్ ట్రేడ్ సెంటర్) వెళ్లి బయట తగిలించే యూఎస్‌బీ డీవీడీ డ్రైవ్ కొన్నాను. పదిహేను వందల చిల్లర.

ఇంటికొచ్చి క్యాబినెట్ ముందు పోర్టులో పెట్టాను. గుర్రుమంది, టిక్ టిక్ అంది, లైటు ఆరిపోయింది. మళ్లీ అదే. డబ్బులు గంగలో కలిశాయనుకున్నాను. చివరికి కంప్యూటర్ వెనక్కి దూరి, నేరుగా మదర్‌బోర్డు మీదున్న నీలం రంగు యూఎస్‌బీ 3 పోర్టుకి తగిలిస్తే చక్కగా తిరిగింది. విషయం ఏమిటంటే యూఎస్‌బీ 2 పోర్టు ఇచ్చేది 500 మిల్లీయాంప్‌లు, యూఎస్‌బీ 3 ఇచ్చేది 900. మోటార్ తిరగడం మొదలెట్టేటప్పుడు ఇలాంటి డ్రైవ్‌లు ఎక్కువ కరెంటు లాగుతాయి. అడాప్టర్ లేని హబ్‌కి (ఒక పోర్టుని నాలుగైదు చేసే పెట్టె) అస్సలు తగిలించకండి. వెనక పోర్టూ చాలకపోతే రెండు యూఎస్‌బీ తలలున్న కేబుల్ దొరుకుతుంది.

జూన్ 15, ఆదివారం

ఇవాళ ఇమేజ్‌లు తీసే పని. అరిగిపోయిన డిస్కుని మాటిమాటికీ తిప్పకుండా ఒకసారి కాపీ తీసి హార్డ్ డిస్కులో పెట్టుకోవడం. చట్టబద్ధంగా మన చేతిలో ఉన్న ప్రోగ్రాంకి పోతుందేమో, పాడవుతుందేమో అని బ్యాకప్ తీసుకోవడానికి మన 1957 కాపీరైట్ చట్టం 52వ సెక్షన్‌లో వీలుంది. పంచిపెట్టడానికి కాదు.

ఇమ్‌జ్‌బర్న్ అనే ఉచిత సాఫ్ట్‌వేర్ వాడుతున్నాను. మామూలు డేటా డిస్కైతే డిస్కంతా ఐఎస్‌ఓ అనే ఒకే ఫైలుగా వస్తుంది. విండోస్ 8 నుంచి దాని మీద డబుల్ క్లిక్ చేస్తే చాలు, కొత్త డ్రైవ్‌లా కనిపిస్తుంది. ఒక్క చిక్కు: కంప్యూటర్ రీస్టార్ట్ అయితే ఆ డ్రైవ్ మాయం, మళ్లీ క్లిక్ చేసుకోవాలి.

హాఫ్-లైఫ్ పెట్టగానే కుడివైపు పేన్‌లో ఒకటి కాదు, వరసగా ట్రాకులు కనిపించాయి. మొదటిది డేటా, మిగతావి సంగీతం, అచ్చం ఆడియో సీడీలాగే. ఇలాంటి డిస్కుని ఐఎస్‌ఓగా తీస్తే పాటలు రావు, ఆట మూగగా నడుస్తుంది. బిన్, క్యూ అనే జంట ఫైళ్లుగా తీయాలి. వాటిని విండోస్ తనంతట తాను తెరవలేదు, పాటల ట్రాకులూ చదవగల వర్చువల్ డ్రైవ్ సాఫ్ట్‌వేర్ ఏదైనా కావాలి.

తీయాలనైతే అనుకున్నాను గానీ, కొంత దూరం వెళ్లి రీడ్ ఎర్రర్ల వాన. డిస్కు తిప్పి చూస్తే కింద గీతలే లేవు. పైన, లేబుల్ మీద, మా తమ్ముడి చేతిరాత. బాల్‌పెన్నుతో నొక్కి మరీ సీడీ కీ (ఆట ఎక్కించేటప్పుడు అడిగే కోడ్) రాశాడు! బల్బుకి ఎదురుగా పట్టుకుంటే అంకెల మీదుగా సన్నటి వెలుగు చుక్కలు. సీడీలో డేటా పొర ఉండేది లేబుల్‌కి సరిగ్గా కిందే, పైన ఉన్నది పలచటి లక్క పూత. 1.2 మిల్లీమీటర్ల ప్లాస్టిక్ అంతా అడుగు వైపే. అందుకే కింద గీత పడితే రుద్ది బాగుచేసుకోవచ్చు, పైన గీత పడితే డేటాయే పోయినట్టు. డీవీడీలో ఆ పొర రెండు పలకల మధ్యలో ఉంటుంది కాబట్టి ఆ భయం తక్కువ.

పుణెలో ఉన్న తమ్ముడికి ఫోన్ చేసి తిట్టాను. "కవర్ పోయినా కీ పోకూడదని రాశాను అన్నయ్యా" అన్నాడు. నిజమే, కవర్ ఎప్పుడో పోయింది. ఆ ఆట చేసిన వాల్వ్ కంపెనీ పాత హాఫ్-లైఫ్ సీడీ కీలని స్టీమ్‌లో రిజిస్టర్ చేసుకోనిస్తుంది. వాడి రాత చూసి ఆ 13 అంకెలూ కొట్టాను. తీసుకుంది! డిస్కుని చంపిన రాతే ఆటని బతికించింది. వాడికి ఈ సంగతి ఇంకా చెప్పలేదు, నెత్తికెక్కుతాడు.

జూన్ 21, శనివారం

అసలు తలనొప్పి మోస్ట్ వాంటెడ్. సెటప్ హాయిగా పూర్తయింది, 3 జీబీ దాకా పట్టింది. ఐకాన్ నొక్కితే ఏమీ లేదు. ఎర్రర్ కూడా లేదు. టాస్క్ మేనేజర్ తెరిచి పెట్టుకుని మళ్లీ నొక్కాను. స్పీడ్ అనే ప్రాసెస్ ఒక్క క్షణం కనిపించి మాయమైంది.

కారణం సేఫ్‌డిస్క్. కాపీలు ఆపడానికి ఆ రోజుల్లో డిస్కుల్లో పెట్టిన తాళం అది. డిస్కు తెరిచి చూస్తే 00000001 పేరుతో ఒక టెంప్ ఫైలు కనిపించిందా, ఆ తాళం ఉన్నట్టే. అది నడవడానికి విండోస్ లోపలి పొరలో ఒక డ్రైవర్ (డ్రైవ్ కాదు, చిన్న ప్రోగ్రాం) కావాలి. ఆ డ్రైవర్‌లో భద్రతా లోపాలున్నాయని 2015లో వచ్చిన విండోస్ 10 దాన్ని రానివ్వలేదు. అదే ఏడాది సెప్టెంబరులో వచ్చిన అప్‌డేట్ విండోస్ 7, 8లలో కూడా ఆపేసింది. అంటే నా దగ్గర డ్రైవ్ ఉంది, ఒరిజినల్ డిస్కు ఉంది, కీ ఉంది, అయినా గుమ్మం దగ్గరే ఆగిపోయాను.

ఏజ్ 2లోనూ ఇదే తాళం. దాని ఇమేజ్ తీస్తుంటే మొదట్లోనే వేల సెక్టార్లు (డిస్కు మీది డేటా ముక్కలు) చదవలేకపోయింది. డిస్కు పాడైందని కంగారు పడ్డాను. పాడవ్వలేదు, ఫ్యాక్టరీలో కావాలనే అలా అచ్చేశారు. మామూలు ఐఎస్‌ఓలో అవి రావు కాబట్టి కాపీ అని పట్టేస్తుంది. ఏజ్ 2 మీద ఇక సమయం పెట్టను, స్టీమ్‌లో దాన్నే కొత్తగా తీర్చిదిద్దిన డెఫినిటివ్ ఎడిషన్ కొనేశాను.

ఇలాంటప్పుడు చాలామంది నెట్‌లో దొరికే నో-సీడీ ఫైలు, అంటే డిస్కు చెకింగ్ తీసేసిన ఆట ఫైలు, తెచ్చి పెడతారు. ఎవరు మార్చారో తెలియని ఫైలుని అడ్మిన్ హక్కులతో నడపడం నాకు నచ్చదు. విండోస్ భద్రత తీసేసి ఆ పాత డ్రైవర్‌ని ఎక్కించడం ఇంకా దారుణం.

జూన్ 22, ఆదివారం

దారి దొరికింది. సేఫ్‌డిస్క్‌షిమ్ అనే ఓపెన్ సోర్స్ పనిముట్టు. ఆ పాత డ్రైవర్ ఇవ్వాల్సిన జవాబులు ఇది ఇస్తుంది. చెకింగ్‌ని ఎగ్గొట్టదు, అసలు డిస్కు డ్రైవ్‌లో ఉండాల్సిందే. నాకు అభ్యంతరం లేదు. డిస్కు పెట్టాను, గుర్రుమంది, స్క్రీన్ నల్లబడింది, ఆట కంపెనీ ఈఏ లోగో వచ్చింది. రాత్రి పదకొండుకి నేను వేసిన కేకకి మా ఆవిడ లేచి వచ్చింది.

బొమ్మ పాత చదరపు కొలతలో ఉంది. వైడ్‌స్క్రీన్ ఫిక్స్ వేస్తే సరిపోయింది.

జూన్ 28, శనివారం

ఇక క్రికెట్ 07. డిస్కు మీద తెల్లటి మబ్బులాంటి మరక. కొత్త డ్రైవ్ 61 శాతం దగ్గర నిలబడిపోయింది. గోరువెచ్చని నీళ్లలో గిన్నెలు తోమే లిక్విడ్ ఒక చుక్క వేసి, మెత్తటి గుడ్డతో మధ్య నుంచి అంచుకి తుడిచాను. గుండ్రంగా తుడవకూడదు, గీత పడితే ట్రాకు వెంబడే పడి వరసగా డేటా పోతుంది. ఆరబెట్టి మళ్లీ పెడితే మళ్లీ 61.

పాత ల్యాప్‌టాప్ గుర్తొచ్చింది. ఒక డ్రైవ్ చదవలేనిది ఇంకోటి చదవచ్చు. అన్నిటికంటే తక్కువ స్పీడ్ పెట్టి వదిలేసి భోజనానికి వెళ్లాను. 61 దగ్గర చాలాసేపు గునిసింది, 62కి వచ్చింది, పెరుగన్నం తినేసరికి 100. పెన్‌డ్రైవ్‌లో ఇమేజ్ ఇటు తెచ్చి, డబుల్ క్లిక్ చేసి, సెటప్ నడిపాను. విండోస్‌లో ఆటల బొమ్మలు, శబ్దాలు నడిపే డైరెక్ట్‌ఎక్స్ ఫైలు ఒకటి లేదంది. మైక్రోసాఫ్ట్ 2010 జూన్‌లో ఇచ్చిన డైరెక్ట్‌ఎక్స్ ప్యాకేజీ వేశాక ఆ మాట మానేసింది. ఆడేటప్పుడు మాత్రం బయటి డ్రైవ్‌లో అసలు డిస్కే పెడుతున్నాను.

మన జట్టుకి లైసెన్సు లేదు కాబట్టి ఆటగాళ్ల పేర్లు అప్పట్లో లాగే ఏవేవో. కామెంటరీలో మార్క్ నికోలస్ పక్కన రిచీ బెనో గొంతు. ఆయన 2015లో పోయారు, ఇక్కడ మాత్రం నా కవర్ డ్రైవ్‌ని ఇంకా మెచ్చుకుంటూనే ఉన్నారు. మొదటి ఓవర్‌లోనే రెండు వికెట్లు పోగొట్టి, స్క్రీన్ ఫోటో తమ్ముడికి పంపాను. "నాకూ ఒక కాపీ పెట్టు" అన్నాడు. కావాలంటే దసరాకి వచ్చి ఇక్కడే కూర్చుని ఆడుకోమన్నాను. కీబోర్డులో కుడి సగం వాడిది.