కంటెంప్ట్ వేశాక కదిలిన అప్పీలు

మా జీతాల కేసులో హైకోర్టు సింగిల్ జడ్జి ఇచ్చిన మధ్యంతర ఉత్తర్వు (కేసు తేలేదాకా ఉండే తాత్కాలిక ఆదేశం) మీద యాజమాన్యం వేసిన రిట్ అప్పీలును పోయిన వారం అదే కోర్టులోని డివిజన్ బెంచ్ (ఇద్దరు జడ్జీల ధర్మాసనం) ముగించింది. ఆర్డరు కాపీ వాట్సాప్‌లో రాగానే తిరుపతిలో మావాళ్లంతా కేసు గెలిచేశామనుకున్నారు. ఇంకా గెలవలేదు.

నేను కాంట్రాక్టు ల్యాబ్ టెక్నీషియన్‌ని. పక్క బల్ల దగ్గర రెగ్యులర్ ఆయన చూసే శాంపిళ్లే నేనూ చూస్తాను. జీతం ఆయనదాంట్లో సగం కూడా లేదు. రెగ్యులర్ వాళ్ల పనే చేసే తాత్కాలిక ఉద్యోగులకు ఆ పోస్టు స్కేలులోని కనీస వేతనమైనా ఇవ్వాలని 2016లో జగ్‌జిత్ సింగ్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. దాన్ని పట్టుకునే రిట్ వేశాం. కేసు తేలేదాకా ఆ వేతనం ఇవ్వమని సింగిల్ జడ్జి ఆదేశించారు.

ఇవ్వలేదు. అప్పీలూ వేయలేదు. దానికి గడువు 30 రోజులు, అదీ దాటిపోయింది. "ఏందక్కా, ఆర్డరు వచ్చిందంటివే, డబ్బులు యాడ?" అని మా స్వీపర్ చెల్లెలు ప్రతి జీతం రోజూ అడిగేది. చివరికి కంటెంప్ట్, అంటే కోర్టు ధిక్కరణ కేసు, వేశాం. అధికారి పేరు మీద నోటీసు వెళ్లాక అప్పీలు కదిలింది, ఆలస్యాన్ని మన్నించమనే పిటిషన్‌తో సహా. నా కోపమంతా ఇక్కడే. అప్పీలు వాళ్ల హక్కు, కాదనను. ఉత్తర్వు తప్పనిపిస్తే వెంటనే వెళ్లాలి గదా! స్టే (అమలును ఆపే ఆదేశం) రానంతవరకు అమలు చేయాల్సిందే. అప్పీలు వేసినంత మాత్రాన స్టే వచ్చినట్టు కాదు.

నేలపాడులోని హైకోర్టులో వాదనలు నేనూ విన్నాను. యాజమాన్యం లాయరు గారి మాట తీసిపారేసేది కాదు: కోరినదంతా మధ్యంతరంగానే ఇచ్చేస్తే విచారించడానికి ఏం మిగిలింది, రేపు మేం గెలిస్తే ఈ డబ్బు ఎవరి దగ్గర వసూలు చేయాలి అన్నారు. బెంచ్ ఉత్తర్వును రద్దు చేయలేదు. తుది తీర్పుకు లోబడి ఇవ్వమంది, ఓడితే తిరిగి కడతామని మమ్మల్ని హామీపత్రం రాసివ్వమంది, అసలు రిట్‌ను త్వరగా వినమని చెప్పింది.

సుప్రీంకోర్టు రఫీక్ మసీహ్ తీర్పు ఉంది, ఇచ్చిన డబ్బు రికవరీ చేయలేరు అని మన గ్రూపులో తిరుగుతోంది. నమ్మకండి. 2014 నాటి ఆ తీర్పు సంస్థ తనంతట తాను పొరపాటున ఎక్కువ చెల్లించిన డబ్బు గురించి. మనం రాసిచ్చి తీసుకుంటున్నాం. జగదేవ్ సింగ్ అనే న్యాయాధికారి కేసులో, హామీ రాసిచ్చినవాళ్లు తిరిగి కట్టాల్సిందేనని 2016లో అదే సుప్రీంకోర్టు చెప్పింది. అందుకే వచ్చే తేడాలో పిల్లోడి ఫీజు మాత్రం కట్టి, మిగతాది బ్యాంకులో ఉంచుతున్నా. మీరూ దాన్ని చూసుకుని కొత్త అప్పులు చేయొద్దు.

ఇక మన బలమంతా రికార్డులోనే ఉంది. రెగ్యులర్ వాళ్లతో కలిసి మీ పేరున్న డ్యూటీ చార్టులు, రిజిస్టరు పేజీల జిరాక్సులు ఆదివారంలోగా నాకు అందించండి. రిప్లై అఫిడవిట్‌కి (కోర్టుకు మనం ప్రమాణం చేసి ఇచ్చే జవాబుకి) మన లాయరు గారు అవే అడుగుతున్నారు.