ర్యాప్ పాటని కోర్టులో చదివితే

2018లో ర్యాపర్ కెండ్రిక్ లమార్ ఆల్బమ్‌కి పులిట్జర్ ప్రైజు వచ్చినప్పుడు నా ఫీడ్ నిండా ఒకటే సంబరం, ర్యాప్‌ని ఇన్నాళ్లకి సాహిత్యం పక్కన కూర్చోబెట్టారు అని. సంతోషమే, సంగీతంలో ఆ ప్రైజు అంతకుముందు క్లాసికల్, జాజ్ దాటి బయటికి రాలేదు మరి. కానీ ర్యాప్ లిరిక్స్‌ని పదం పదం పట్టుకుని చదివేవాళ్లు అమెరికాలో అప్పుడే కొత్తగా పుట్టుకొచ్చారా ఏంటి? ఎప్పట్నుంచో ఉన్నారు, పోలీస్ స్టేషన్లలో, ప్రాసిక్యూటర్ల ఆఫీసుల్లో. కాకపోతే వాళ్లు చదివేది ప్రైజు ఇవ్వడానికి కాదు, రాసినవాణ్ణి లోపలెయ్యడానికి.

ఈ టాపిక్ మీద నాకు కాస్త పిచ్చి ఉంది కాబట్టి పోస్టు పొడుగైపోద్ది, ముందే చెప్తున్నా.

న్యూయార్క్ నగరంలోని బ్రాంక్స్‌లో 1973 ఆగస్టు 11న డీజే కూల్ హెర్క్ వాళ్ల చెల్లెలు పెట్టిన పార్టీ దగ్గర, ర్యాప్ కూడా ఒక భాగమైన హిప్‌హాప్ మొదలైందనే కథ అందరికీ తెలిసిందే, దాన్ని వదిలేద్దాం. నేను చెప్పాలనుకున్నది 1990లో ఫ్లోరిడాలో జరిగింది. టూ లైవ్ క్రూ అని మయామీ గ్రూపు ఒకటి ఉండేది, వాళ్ల పాటలు పచ్చి బూతు, అందులో డౌటే లేదు, ఇయర్‌ఫోన్స్ లేకుండా ఇంట్లో పెట్టుకునే రకం కాదు. ఆ జూన్‌లో ఒక ఫెడరల్ జడ్జి వాళ్ల ఆల్బమ్ చట్టప్రకారం అశ్లీలం అని తీర్పిచ్చాడు. ఇంక ఆ వారంలోనే ఆ ఆల్బమ్ అమ్మిన ఒక నల్లజాతి షాపు ఓనర్‌ని పట్టుకెళ్లారు, ఒక క్లబ్బులో పాడారని గ్రూపు వాళ్లనీ అరెస్టు చేశారు. షాపు ఆయన్ని అంతా తెల్లవాళ్లే ఉన్న జ్యూరీ దోషి అని తేల్చింది. గ్రూపు కేసు మాత్రం వేరేగా తిరిగింది. పోలీసులు క్లబ్బులో దొంగచాటుగా రికార్డు చేసిన టేపు కోర్టులో వేస్తే ఆ గరగరలో ఏం పాడుతున్నారో ఎవరికీ అర్థం కాలేదు, పాపం పోలీసు డిటెక్టివే కూర్చుని సీరియస్ మొహం పెట్టి ఆ బూతులన్నీ విడమర్చి చెప్పాల్సి వచ్చింది. జ్యూరీ వాళ్లు జడ్జికి చీటీ పంపారంట, మాకు నవ్వాగట్లేదు, నవ్వొచ్చా అని.

ఆ కేసులో డిఫెన్స్ తరఫున సాక్ష్యం చెప్పడానికి వచ్చిన ఒక మనిషి హెన్రీ లూయిస్ గేట్స్ జూనియర్. అప్పటికి డ్యూక్ యూనివర్సిటీలో ప్రొఫెసర్, ఆఫ్రికన్ అమెరికన్ సాహిత్య విమర్శలో పెద్ద పేరు. 1988లో ఆయన రాసిన పుస్తకం మొత్తం ఒక కోతి కథ చుట్టూ తిరుగుద్ది. నల్లజాతి వాళ్లు తరతరాలుగా ప్రాస కట్టి చెప్పుకునే కథ అది. కోతి వెళ్లి సింహంతో అంటుంది, ఏనుగు నిన్ను ఇలా తిట్టింది, మీ అమ్మని ఇలా అంది అని. సింహం ఊగిపోయి ఏనుగు మీదకెళ్లి ఒళ్లు హూనం చేయించుకుని వస్తుంది. గేట్స్ చెప్పేదేంటంటే సింహం బలం లేక ఓడిపోలేదు, మాటని ఉన్నదున్నట్టు నమ్మడం వల్ల ఓడిపోయింది. కోతి ఆడింది మాటలాట. మాటని వంకర తిప్పడం, పెంచి చెప్పడం, ఎదుటివాడి మాటనే తిప్పి వాడిమీదకే విసరడం, దీన్ని వాళ్లు సిగ్నిఫైయింగ్ అంటారు. బానిసత్వంలో యజమాని ఎదురుగా నిజం నోరు తెరిచి చెప్పలేని జనానికి ఈ విద్య ఎంత అవసరమో ఆలోచించండి. ర్యాప్ కూడా ఆ విద్యే, నల్లజాతి మగవాడంటే కామపిశాచి అని తెల్లవాళ్లు వేసిన బొమ్మనే వీళ్లు ఇంతింత చేసి ఎగతాళి చేస్తున్నారు, దాన్ని నిజం అనుకుని కేసు పెడితే ఎలా అని ఆయన వాదన. జ్యూరీ వదిలేసింది. ఆల్బమ్ అశ్లీలం అన్న తీర్పుని కూడా 1992లో పైకోర్టు కొట్టేసింది.

ఇంతవరకు చదివితే గేట్స్ హీరో, పోలీసులు సింహం, కథ సుఖాంతం. చాలామంది ఇక్కడే ఆపేస్తారు కూడా. కానీ కింబర్లీ క్రెన్షా అని లా ప్రొఫెసర్ ఉంది, ఇంటర్‌సెక్షనాలిటీ (జాతి వివక్ష, ఆడ మగ వివక్ష ఒకే మనిషి మీద కలిసి పడటం) అనే మాట 1989లో తెచ్చింది ఆవిడే, ఈ కేసు మీద 1991లో బాస్టన్ రివ్యూ అనే పత్రికలో ఒక వ్యాసం రాసింది. అది చదివాక నాకు గేట్స్ సాక్ష్యం మునుపటంత గొప్పగా అనిపించలేదు. ఆవిడ మొదట తేల్చేసింది, ఈ కేసు జాతివివక్షే అని. అంతే బూతు మాట్లాడే తెల్ల కమెడియన్లు హాయిగా టికెట్లు అమ్ముకుంటుంటే వీళ్లకే బేడీలు ఎందుకు పడ్డాయి? పైగా ఆడవాళ్ల మీద జాలితో పెట్టిన కేసేం కాదు, నల్లజాతి ఆడవాళ్ల గురించి కోర్టులో ఎవరూ పట్టించుకోలేదు. అక్కడితో ఆపకుండా డిఫెన్స్ వైపు తిరిగింది. సరే ఇది ఎగతాళే, సంప్రదాయమే, మరి ఆ ఎగతాళికి సరుకుగా వాడుకుంటోంది ఎవరి ఒంటిని? మా ఒంటిని చీల్చి చెండాడే జోకుకి మేమే నవ్వాలి, నవ్వకపోతే జాతికి ద్రోహం అంటారా? నేను సొంత మాటల్లో చెప్తున్నా, ఆవిడ రాత ఇంకా పద్ధతిగా ఉంటుంది, కానీ విషయం ఇదే. కోతి కథలోకే మళ్లీ వెళ్తే కోతి, సింహం, ఏనుగు ముగ్గురూ మగాళ్లే, మధ్యలో తిట్లు తినేది మాత్రం సింహం వాళ్లమ్మ. ఆ అమ్మ వైపు నుంచి కథ ఎవరూ చెప్పలేదు.

ర్యాప్ మీద వచ్చిన పరిశోధనలో నాకు నచ్చేది ఈ కొట్లాటే. అభిమానులు రాసే పొగడ్తలు బోలెడు దొరుకుతాయి, అవి చదవబుద్ధి కాదు. ట్రిషా రోజ్ అనే ప్రొఫెసర్ 1994లో రాసిన పుస్తకంలో కూడా ఈ కొట్లాట ఉంది, అమ్మాయి ర్యాపర్లు అబ్బాయిల పాటలకి బదులు ఎలా చెప్పారో దాంట్లో ఒక పెద్ద చాప్టరే. ఇంకో సంగతి, ఆవిడ ర్యాప్ మీద పీహెచ్‌డీ చేస్తున్న రోజుల్లో ఒక మ్యూజిక్ డిపార్ట్‌మెంట్ హెడ్‌కి టాపిక్ చెప్తే, అర్ధరాత్రి కార్లలో అది పెట్టుకుని మా ఇంట్లోవాళ్ల నిద్ర చెడగొడతారు, అందులో సంగీతమేముంది అన్నట్టు మాట్లాడాడంట. ఆవిడ ఆ గోలనే పట్టుకుంది. స్టూడియోలో సౌండ్ మీటరు ముల్లు ఎర్రగీత దాటకూడదని ఇంజినీర్లకి నేర్పిస్తారు కదా, ర్యాప్ ప్రొడ్యూసర్లు కావాలనే దాటించి బాస్ పగిలేలా రికార్డు చేసేవాళ్లు, అది చేతకాక కాదు వాళ్లకి కావాల్సిన సౌండే అది అని వివరంగా రాసింది.

ఇప్పుడు యూనివర్సిటీల్లో పరిస్థితి మారిపోయింది, హార్వర్డ్‌లో 2002లోనే హిప్‌హాప్ ఆర్కైవ్ పెట్టారు, 2017లో ఏ.డి. కార్సన్ అనే ఆయన క్లెమ్సన్‌లో పీహెచ్‌డీ థీసిస్‌నే ర్యాప్ ఆల్బమ్‌గా ఇచ్చాడు, ఆ తర్వాత వర్జీనియా యూనివర్సిటీ వాళ్లు ప్రొఫెసర్‌గా తీసుకున్నారు.

కోర్టుల్లో మాత్రం సింహం ఇంకా అక్కడే ఉంది. లూసియానాలో మాక్ ఫిప్స్ అనే ర్యాపర్ కేసు చూడండి. 2000లో ఆయన షో ఉన్న క్లబ్బులో కాల్పులు జరిగి ఒకతను చనిపోయాడు. మాక్ మీద అంతకుముందు ఏ కేసూ లేదు, పైగా కాల్చింది నేనే అని ఇంకొకతను ఒప్పుకున్నాడు కూడా. అయినా ప్రాసిక్యూటర్ జ్యూరీ ముందు మాక్ పాటలు చదివాడు. అదీ రెండు వేర్వేరు పాటల్లో లైన్లు తెచ్చి ఒకటిగా కుట్టి, ఒకదాంట్లో అయితే వియత్నాం యుద్ధానికి వెళ్లొచ్చిన వాళ్ల నాన్న గురించి అన్న మాటని మాక్ తన గురించే చెప్పుకున్నట్టు మార్చి మరీ. 30 ఏళ్ల శిక్ష పడింది. 2021లో బయటికొచ్చాడు.

క్షేత్రయ్య పదంలో "నేను" అని వాపోయేది నాయిక, క్షేత్రయ్య కాదు అని మనకి ఎవరూ చెప్పక్కర్లేదు. జైల్లో కూర్చుని రీనోలో ఒకణ్ణి కాల్చి చంపా అని పాడే, కంట్రీ (అమెరికా పల్లెల తరహా పాటలు) గాయకుడు జానీ క్యాష్ పాట విని అమెరికాలో ఎవడూ పోలీసులకి ఫోన్ చెయ్యలేదు. ర్యాపర్ "నేను" అంటే మాత్రం అది వాంగ్మూలం. ఇది నా అనుమానం కాదు, కారీ ఫ్రైడ్ అనే సైకాలజిస్టు 1996లో టెస్టు చేసి చూపించింది. కింగ్‌స్టన్ ట్రయో అని తెల్లవాళ్ల ఫోక్ గ్రూపు పాడిన పాత పాట ఒకటి, అందులో కుర్రాడు ఒక పోలీసుని కాల్చేస్తాడు, ఆ లిరిక్స్ తీసుకుని కొంతమందికి కంట్రీ పాట అని, కొంతమందికి ర్యాప్ అని చెప్పి ఇచ్చింది. ర్యాప్ అని విన్నవాళ్లకి అదే పాట ఎక్కువ ప్రమాదంగా, ఎక్కువ అభ్యంతరంగా అనిపించింది. పాడినవాడు నల్లవాడని ఫొటో చూపించినా అంతే. 2016లో వేరే రీసెర్చర్లు మళ్లీ చేసి చూస్తే, ర్యాప్ అన్న లేబుల్ పనితనం అప్పటికీ తగ్గలేదు.

ఎరిక్ నీల్సన్, ఆండ్రియా డెన్నిస్ 2019లో ఇలాంటి కేసుల మీద ఏకంగా పుస్తకమే వేశారు. అందులో నన్ను అన్నిటికన్నా కంగారు పెట్టింది ఏంటంటే ఈ కేసుల్లో లిరిక్స్‌కి అర్థం చెప్పే ఎక్స్‌పర్ట్ సాక్షి చాలాసార్లు ఒక పోలీసు ఆఫీసరు. అసలు 2010లో యేల్ యూనివర్సిటీ ప్రెస్ వాళ్లు పెద్ద పెద్ద ప్రొఫెసర్లతో ర్యాప్ లిరిక్స్ సంకలనం వేస్తేనే దాంట్లో తప్పులు దొర్లాయి, పదాలు ఒకటి అయితే ఇంకోటి విన్నారని విమర్శకులు ఏకిపారేశారు. జీవితమంతా ఇదే చదివినవాళ్లకే ఇంత కష్టమైతే గ్యాంగ్ డ్యూటీలో ఉన్న డిటెక్టివ్ వినికిడి మీద ఒకడి జీవితం ఆధారపడటం ఏంటో.

2022లో కాలిఫోర్నియా చట్టం తెచ్చింది, లిరిక్స్‌ని సాక్ష్యంగా వాడే ముందు జడ్జి దానివల్ల జాతి పక్షపాతం వస్తుందా లేదా చూడాలి అని. జార్జియాలో అప్పటికి అలాంటిది లేదు. అక్కడ యంగ్ థగ్ అనే ర్యాపర్ మీద పెట్టిన గ్యాంగ్ కేసులో 2023 నవంబరులో జడ్జి లిరిక్స్‌ని షరతులతో అనుమతించాడు, ట్రయల్‌లో ఆయన లాయర్ లేచి, మా క్లయింటు పేరులో థగ్ అంటే రౌడీ కాదండీ, దేవుడి ముందు నిజంగా వినయంగా ఉండేవాడు అనే ఇంగ్లిష్ మాటల పొడి అక్షరాలండీ అని చెప్పాడు. ఇంటర్నెట్ అంతా పడీపడీ నవ్వింది, నేనూ నవ్వా. తర్వాత ఆలోచిస్తే ఆ లాయర్ మాత్రం ఏం చేస్తాడు, ఇది పాత్ర, ఇది ఆట, సిగ్నిఫైయింగ్ అని చెప్తే వినే చోటా అది? మాటకి మాటే అర్థం కావాలన్న చోట ఆయనా ఒక మంచి అర్థం పట్టుకొచ్చి ఎదురు పెట్టాడు. రాష్ట్ర చరిత్రలోనే అంత పొడుగు ట్రయల్ లేదు అన్నంత సాగి, 2024 అక్టోబర్ 31న యంగ్ థగ్ కొన్ని నేరాలు ఒప్పుకుని 15 ఏళ్లు జైలు బయటే కోర్టు నిఘాలో ఉండాలన్న ప్రొబేషన్‌తో బయటికొచ్చాడు, మొదటి పదేళ్లు అట్లాంటా ఏరియాలో ఉండకూడదని షరతు. పాటల్లో అన్న మాటలు నేరానికి సాక్ష్యమా కాదా అన్నది అక్కడ ఎటూ తేలలేదు.